సైనికుని తుపాకి, పౌరుని తుపాకి

(మునగాలలో గ్రంథాలయ పాఠకుల సమావేశమున ఒక న్యాయవాది చేసిన యుపన్యాసము)



తుపాకులనుగూర్చి మాటలాడుటకు న్యాయవాది యేల, సైనికుడో వేటగాడో చెప్పవలసిన విషయము గదా యని మీలో కొందఱు తలంపవచ్చును. తుపాకిని పేల్చుట సైనికుని విద్య యనుట నిజమే. కాని యొకే కర్మాగారమున, ఒకే మాదిరి యంత్రాంగముతో తయారైన రెండు తుపాకులలో ఒకటి సైనికుని భుజముమీదికిని, మఱియొకటి పౌరుని యింటికిని పోవుచువచ్చినవి. మొదటిదానిని పౌరుడు అనుమతి లేక యుంచుకొన్నచో నేటి చట్టము ప్రకారము ఏడేండ్లకు తక్కువగాని, పదునాలుగేండ్ల వఱకు పోగల కారాగారశిక్ష. రెండవదానిని పుచ్చుకొనుటకు జిల్లాలోని లైసెన్సు అధికారి సంతకము చాలును. ఈ యంతరమును ఇనుము కల్పించలేదు, చట్టము కల్పించినది. అందుచేతనే ఈ ప్రసంగము నా వంతునకు వచ్చినది.

ఈ విషయమును మునగాలలో విచారించుట మిక్కిలి యుచితమని నా నమ్మకము. మన పరగణా పూర్వము కృష్ణా జిల్లాకు చెందిన జమీందారీ. నలుప్రక్కల నైజాం రాజ్యము. నడుమ ద్వీపమువలె ఇంగ్లీషువారి యేలుబడిలోని ఈ గ్రామములు. నాయని వేంకటరంగారావుగారు జమీందారులుగాను, కొమఱ్ఱాజు లక్ష్మణరావుగారు దివానుగాను ఉన్న యా దినములలో, 1901లో హైదరాబాదున శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయమునకును, 1906లో విజ్ఞానచంద్రికా మండలికిని ఇక్కడినుండి చేయూత లభించినది. ఇచ్చటి ప్రజకు పుస్తకమును చదువుట ఎట్లు పరిచితమో, సరిహద్దురాయిని చదువుటయు నట్లే పరిచితము. రాయికి ఈవల నొక శాసనము, ఆవల మఱియొక శాసనము. నేల మాత్ర మొక్కటే. తుపాకుల విషయమును అట్టిదే. ఇనుము ఒక్కటే, గీత మాత్రమే వేఱు. ఆ గీతను ఎవరు గీసిరి, ఎందుకు గీసిరి, నేడు దానిని మనము నిలుపుకొనుటకు కారణ మేమి? ఈ మూడు ప్రశ్నలకే నా ప్రసంగము.

మొదట వస్తువును చూతము. మన దేశమున రైఫి లనగానే జనులకు తోచునది 'త్రీ నాట్ త్రీ'. గొట్టముయొక్క లోపలి వ్యాసము అంగుళములో వేయింట మూడువందల మూడు వంతులు గనుక దానికా పేరు. దీని యంత్రాంగమును రూపించినవాడు జేమ్సు పారిస్ లీ. గొట్టములోపలి మెలికగీతలు ఎన్‌ఫీల్డు కర్మాగారమున ఏర్పడినవి. కావున లీ ఎన్‌ఫీల్డు అని వాడుక. 1907లో వచ్చిన మూడవ మార్కు రైఫిలు పది తూటాలను కడుపున దాల్చును. చేతితో బోల్టును వెనుకకు లాగి ముందునకు త్రోసినచో కాలిన తూటా వెలికి వచ్చి క్రొత్తది లోనికి పోవును. 1910లో ప్రవేశించిన తూటాలోని గుండు బరువు 174 గ్రెయినులు. గొట్టమును వీడునప్పటి వేగము సెకండునకు 2,440 అడుగులు. కలకత్తా చేరువనున్న ఇషాపూరు రైఫిలు కర్మాగారమున ఈ తుపాకి దశాబ్దముల తరబడి తయారైనది. రెండు ప్రపంచయుద్ధములలోను భారతసైనికుని చేతనున్న దిదియే.

ఇందులో గుఱికాని తుపాకి యని వేఱొక తరగతి యున్నది. రెండవ ప్రపంచయుద్ధకాలమున నాలుగవ నంబరు రైఫిళ్లను కాల్చి పరీక్షించి, గుండ్లు ఒకదాని ప్రక్క నొకటి పడునట్టివానిని ఏరి, వానికి మూడు రెట్లు పెద్దదిగా చూపు దుర్భిణి నమర్చి, చెంప ఆనుటకు మడమమీద కొయ్యమెత్తను బిగించిరి. ఈ పని నెక్కువగా చేసినది లండనులోని హాలెండ్ అండ్ హాలెండ్ కంపెనీ. ఆ కంపెనీ సంస్థానాధీశులకు వేటతుపాకులు చేసి యమ్మిన కంపెనీయే. కావున పనివా డొక్కడే, పనితన మొక్కటే. కొనువాడు మాఱినపుడు వేటతుపాకి యుద్ధపు తుపాకి యైనది.

గుఱికాని తుపాకికిని సామాన్య సైనికుని తుపాకికిని గల భేద మేమనగా, మొదటిదానికి మంచి కన్ను, ఏరిన గొట్టము, ఓర్పుగల చేయి యున్నవి. తక్కిన దంతయు సమానము. తూటాయు నొక్కటే. ఈ మాటను జ్ఞప్తియం దుంచుకొనుడు; ముందు చట్టమును చదువునపుడు ఇది పనికివచ్చును.

ఇక పౌరుని తుపాకి. అదే ఇషాపూరు కర్మాగారమున, అదే లీ ఎన్‌ఫీల్డు యంత్రాంగముతో చేసిన '.315 స్పోర్టింగు రైఫిలు' మన దేశమున పౌరునకు లభించునది. చూపునకు అన్నదమ్ములవలె నుండును. బోల్టు అదే, దానిని లాగు పద్ధతి అదే. మ్యాగజీనులో పదింటికి బదులు ఐదు తూటాలు పట్టును. గుండు 244 గ్రెయినుల బరువు. లావుగాను, నెమ్మదిగాను పోవునది. మృగము దేహమున విచ్చుకొనునట్లు మొన మెత్తగా చేయబడినది. గొట్టపు వ్యాసములో భేద మెంత? అంగుళమును వేయి భాగములు చేసినచో అందు పండ్రెండు భాగములు. చేతితో తడవి చూచి యీ తేడాను చెప్పగలవాడు లేడు. అయినను తూటాలే వేఱు. సైనికుని తూటా దీనిలో పనిచేయదు, దీని తూటా సైనికుని తుపాకిలో పట్టదు.

ఇందులో నొక విచిత్రము గలదు. ఈ .315 తూటాకు మూలము ఆస్ట్రియా దేశపు మాన్‌లిషర్ సైనిక తూటా. 1890వ సంవత్సర ప్రాంతమున ఆ సామ్రాజ్యపు సైనికులకొఱకు పుట్టినది. ఒక సామ్రాజ్యమున అది సైనికుని తూటా. మఱియొక సామ్రాజ్యమున అదియే 'పౌరుని తూటా'. ఎందుచేత? ఇక్కడి సైన్యము దానిని వాడదు గనుక. కావున సైనికము, పౌరము అను గుణము తూటాలో పుట్టినది కాదు. ఈ దేశపు సైన్యపు గిడ్డంగిలో అది యున్నదా లేదా యను ప్రశ్నలో పుట్టినది. చట్టము చూచినది తుపాకి బలమును కాదు. దానికి మేత ఎక్కడనుండి వచ్చు నని చూచినది. సైన్యపు గిడ్డంగినుండి దొంగిలిన తూటా పౌరుని యింటి తుపాకిలో పేలకూడదని దాని యుద్దేశము.

ఈ యాలోచన ఎవరిదో తెలియవలె నన్నచో 1857వ సంవత్సరమునకు పోవలెను. ఆ తిరుగుబాటుకు వెంటనే కారణమైనది క్రొత్త ఎన్‌ఫీల్డు రైఫిలు తూటాకు పూసిన క్రొవ్వు అన్నది మీ యెఱుగని కథ కాదు. తిరుగుబాటు నణచిన పిదప ఇంగ్లీషువారు దేశీయ సిపాయిలకు అదే ఎన్‌ఫీల్డు రూపముగల తుపాకినే యిచ్చిరి. కాని దాని గొట్టములోపలి మెలికగీతలను తొలిచివేసి నున్నగా చేసి యిచ్చిరి. మెలికగీత గుండును బొంగరమువలె త్రిప్పి తిన్నగా పంపును. గీత లేనిచో గుండు దారితప్పును. బయటికి చూచినచో తెల్లసోల్జరు తుపాకియు నల్లసిపాయి తుపాకియు కవలలు. లోపల చూచినచో ఒకటి గుఱి గలది, మఱియొకటి గుఱి లేనిది. ఒకే సైన్యములో, ఒకే జెండాక్రింద, ప్రాణము నర్పించుటకు సిద్ధపడినవానికి సయితము తిన్నగా కాల్చు తుపాకి నీయలేదు. 1878లో ఆరంభమైన ఆఫ్ఘను యుద్ధమునాటికిని తెల్లసేనల చేతిలో మార్టినీ హెన్రీ రైఫిళ్లుండగా సిపాయిలు వెనుకటి తరమునకు చెందిన స్నైడరులతోనే పోరిరి.

పోలీసుల యెడలను ఇదే పద్ధతి. ఇషాపూరులోనే .303 రైఫిలు గొట్టమును .410 వ్యాసమునకు నున్నగా వెడల్పుచేసి, మ్యాగజీను చోట కొయ్యముక్కను బిగించి, ఒక్కసారికి ఒక్కటే తూటా పేలునట్లు చేసి, పోలీసు మస్కటు అని పేరిడిరి. ఠాణాలోని తుపాకి పరుల చేతికి పోయినను అధిక ప్రమాదము లేకుండవలె నను నీతి యిందు కాననగును. ఆ భయము వట్టిది కాదని మన మన్యము నిరూపించినది. 1922 ఆగస్టు 22, 23, 24 తేదీలలో అల్లూరి సీతారామరాజు వరుసగా చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి ఠాణాలమీద పడి ఆయుధములను తీసికొనిపోయెను. ప్రజను నమ్మని ప్రభుత్వమునకు తన పోలీసు చేతిలోని తుపాకియు పగవానిదిగానే తోచును.

ఇక సామాన్య పౌరుని గతి. 1878లో లిట్టన్ ప్రభువు ఆయుధముల చట్టమును చేసెను. దేశభాషా పత్రికల నోరు కట్టిన చట్టము చేసినదియు ఆ ప్రభువే, ఆ సంవత్సరమే. పత్రికల చట్టము 1882లో పోయినది. ఆయుధముల చట్టము స్వరాజ్యము వచ్చిన తరువాతను నిలిచినది. దాని క్రింది నియమములలో తెల్లవారికి మినహాయింపు, మనకు లైసెన్సు. 1887లో మదరాసున జరిగిన మూడవ కాంగ్రెసు ఈ చట్టమును సడలింపుమని తీర్మానించెను. 1930 జనవరిలో గాంధీజీ రాజప్రతినిధి యెదుట ఉంచిన పదునొకండు కోరికలలో ఆత్మరక్షణకు తుపాకి లైసెన్సులను ప్రజాధికారమునకు లోబడి యీయవలె ననునది యొకటి. అహింసామూర్తి యేల తుపాకిని కోరెను? తుపాకి చేతబట్టు స్వేచ్ఛ యున్నవాడు దానిని విడిచినచో అది అహింస. లాగివేయబడినవాడు ఊరకుండినచో అది నిస్సహాయత. ఆయన కోరినది తుపాకిని గాదు, నమ్మకమును. 1931లో కరాచీ కాంగ్రెసు ఆమోదించిన ప్రాథమికహక్కుల తీర్మానములోను నియమములకు లోబడి ఆయుధము ధరించు హక్కు చోటుచేసికొన్నది.

ఇంతవఱకు విన్నవారు, పరాయివాడు గీసిన గీతను స్వతంత్రులమైన మనము చెఱిపివేయవలసినదే గదా యని తలంచుట సహజము. రాజ్యాంగసభలో ఈ ప్రశ్న వచ్చినది. 1948 డిసెంబరులో హెచ్. వి. కామత్‌గారు ఆయుధము ధరించు హక్కును ప్రాథమికహక్కులలో చేర్పుడని సవరణ ప్రతిపాదించిరి. అంబేద్కరుగారు దాని నంగీకరింపలేదు. దేశమునకు ఆపద వచ్చినపుడు ఆయుధము పట్టుట పౌరుని విధి కావచ్చును గాని, ఎవరి యిష్టము చొప్పున వారు ధరించు హక్కుగా నుండుట శాంతిభద్రతలకు చేటని వారి వాదసారము. సవరణ వీగిపోయెను. నేటి రాజ్యాంగపు పందొమ్మిదవ అధికరణము సభ చేరుటకు హక్కు నిచ్చుచు, శాంతియుతముగా, ఆయుధములు లేకుండ అని షరతు పెట్టినది.

వారు చేసినది సరియా కాదా? పుస్తకములు వెదకనక్కఱలేదు; ఈ సభకు కూతవేటు దూరములోనున్న చరిత్రయే చెప్పును. 1946 జూలై 4వ తేదీన కడవెండిలో విసునూరు దేశముఖు మనుష్యులు కాల్పులు జరుప దొడ్డి కొమరయ్య నేలకొఱగెను. ఊరేగింపుగా వచ్చిన రైతుల చేతులలో కఱ్ఱలు, వడిసెలలు, గడీలో తుపాకులు. అప్పటి నైజాం రాజ్యమున చట్టము లేకపోలేదు. అది తుపాకిని గడీకి విడిచిపెట్టి గుడిసెకు నిరాకరించెను. పిదప రజాకార్లు వచ్చిరి. వారి నాయకుడు కాసిం రజ్వీ వృత్తిచేత న్యాయవాది యన్నది నా వంటివానికి తలవంపు. రజాకారు సిపాయి కాడు, పోలీసు కాడు, పౌరుడే. ప్రభుత్వపు అండతో పౌరుని చేతికి లెక్క లేక తుపాకి యిచ్చినచో ఏమగునో తెలంగాణపు పల్లెలు చూచినవి.

1948 సెప్టెంబరు 6వ తేదీన చిల్లకల్లు చేరువనున్న భారత పోలీసు ఠాణామీద రజాకార్లు కాల్పులు జరిపిరి. విచారింప వచ్చిన పూనా హార్సు దళముమీదను, గూర్ఖా రైఫిల్సుమీదను కాల్చిరి. టాంకులు వారిని కోదాడ వఱకు తఱిమినవి. అక్కడ నైజాం సేనకు చెందిన సాయుధ శకటమొకటి ధ్వంసమై, కోదాడలోని సేన లొంగిపోయినది. వారము తిరుగగానే, 13వ తేదీన పోలీసుచర్య మొదలైనది. బెజవాడనుండి హైదరాబాదునకు పోవు సేనలకు కోదాడ, మునగాల, సూర్యాపేటల బాటయే బాట. దారి తెఱచినది ప్రభుత్వపు సైన్యము, చట్టమునకు జవాబు చెప్పవలసిన తుపాకి. దారి మూసినది ఎవరికిని జవాబు చెప్పనక్కఱలేని తుపాకి. రెంటిలోను మందు ఒక్కటే, ఇనుము ఒక్కటే.

కావున గీత యవసరమే యని నా మతము. అయితే అది పరాయివాని గీతగా నుండవలెనా, మన గీతగా నుండవలెనా యన్నది ప్రశ్న. పరాయివాడు గీసినది భయముచేత: ప్రజ యెక్కడ తిరుగబడునో యని. మనము గీయవలసినది సమానతకొఱకు: ఒకని తుపాకి మఱియొకనిని లొంగదీయకుండునట్లు. గీత అదే చోట నున్నను, కారణము మాఱినపుడు దానిని కాపాడు పద్ధతియు మాఱవలెను.

పరదేశపు టుదాహరణ మొకటి చూతము. సోవియట్ దేశము 1963లో డ్రాగునోవ్ అను గుఱికాని రైఫిలును స్వీకరించినది. తనంత తానే తూటాను ఎక్కించుకొనును. పది తూటాలు పట్టును. నాలుగు రెట్లు చూపు దుర్భిణి గలది. మన సైన్యమును దీనిని గుఱికాండ్ర చేతి కిచ్చినది. ఇజెవ్‌స్కు కర్మాగారమున దానికే 'తీగ్ర్' అను వేటరూపము తయారైనది; తీగ్ర్ అనగా పులి. యంత్రాంగ మొకటే, తూటా వ్యాస మొకటే. సైనికునిదానికి బాయొనెట్ తగిలించు కొక్కెము కలదు, వేటగానిదానికి లేదు. వేటరకములు కొన్ని పొట్టిగొట్టముతో వచ్చును. అనగా అక్కడి గీత తూటా వ్యాసమున లేదు. మఱి యెక్కడ నున్నది? మనిషిలో నున్నది. ఆ దేశపు చట్టము ప్రకారము మెలికగీతల రైఫిలు కావలసిన పౌరుడు ముందు ఐదేండ్లు నున్నగొట్టపు తుపాకిని నేరము లేక యుంచుకొని చూపవలెను. వారు మనిషిని పరీక్షించి తుపాకి నిత్తురు. మనము తుపాకిని వేఱుచేసి మనిషికి నిత్తుము. రెండు మార్గములలోను సుగుణ మున్నది. కాని మన మార్గమున మనిషిని పరీక్షించు భారము ఒక కాగితముమీదనే పడినది. ఆ కాగితమే లైసెన్సు.

మన చట్టమున 1959లో చేసి 1962 అక్టోబరు 1వ తేదీన అమలునకు వచ్చిన ఆయుధముల చట్టము ముఖ్యము. 1962 నాటి నియమముల పట్టికలో మొదటి తరగతి యేమనుచున్నదో వినుడు: .303గాని 7.62 మిల్లీమీటరుగాని వ్యాసముగల రైఫిళ్లు; మఱియు సైన్యపు తూటాను పట్టి పేల్చగల యే యితర రైఫిలైనను; .410 మస్కటులు, ఇవి పౌరునకు నిషిద్ధప్రాయములు, అనుమతి నీయవలసినది కేంద్ర ప్రభుత్వమే. మొదట చెప్పిన మాట యిపుడు జ్ఞప్తికి తెచ్చుకొనుడు. గుఱికాని తుపాకికిని సామాన్య సైనికుని తుపాకికిని తూటా యొక్కటే యంటిని. చట్టము దుర్భిణిని చూడలేదు, గుఱిని చూడలేదు. తూటాను మాత్రమే చూచినది. తెల్లదొర యాలోచనయే మన పట్టికలో ఎక్కినది. సైన్యము .303ను విడిచి దశాబ్దములైనది. ఉత్తరప్రదేశపు పోలీసులు సయితము 2020 జనవరి 26న దానికి వీడ్కోలు చెప్పిరి. గీత మాత్ర మచ్చటనే నిలిచినది.

పౌరుని తుపాకి పేరులోని 'స్పోర్టింగు' అనుమాట సంగతియు ఇట్టిదే. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టముతో వేట వినోదముగా చెల్లదు. స్పోర్టు పోయినది, స్పోర్టింగు రైఫిలు మిగిలినది. ఇపుడు అది బ్యాంకు గుమ్మమున కావలివాని చేతిలోనో, పెద్దింటి గోడమీద అలంకారముగానో యున్నది. గోడమీది యలంకారము ఊరిలో నొక సందేశ మిచ్చును: ఈ యింటివారిని ఎదిరింపరాదని. గడీ పోయినను గడీ నీడ మిగులుట యిదియే.

అందుచే చట్టములో మనము కాపాడవలసిన భాగము నిషేధపు పట్టిక కాదు. లైసెన్సు నీయు పద్ధతి. అందు మూడు వాక్యములు బంగారమువంటివి. మొదటిది, పదునాలుగవ సెక్షను: అడుగువానికి తగిన ఆస్తి లేదను కారణముచేత మాత్రమే లైసెన్సును నిరాకరింపరాదు. రెండవదియు అందే: నిరాకరించినచో కారణములను వ్రాతమూలముగా నమోదు చేయవలెను, ప్రజాహితమునకు భంగము లేనంతవఱకు అడిగినవానికి వాని సంక్షిప్తరూపము నీయవలెను. మూడవది, పదునెనిమిదవ సెక్షను: పై యధికారికి అప్పీలు కలదు. పొలమునకు అడవిపందుల బెడద యున్న రైతునకు పదుమూడవ సెక్షనులో ప్రత్యేకముగా చోటున్నది. పంట కాపాడుటకు మందు కూరి పేల్చు తుపాకికి, మన వాడుకలో బర్మారుకు, లైసెన్సు నీయవలెను; అది చాలదని యధికారికి తోచినచో వేఱు నున్నగొట్టపు తుపాకికి లైసెన్సు నీయవచ్చును. ఈ వాక్యములను ఎంతమంది రైతులు చదివిరి? తహసీలు కచేరీ మెట్లెక్కక ముందే 'నీ వంటివానికి తుపాకి యేల' యను మాటకు వెనుదిరుగువారే యెక్కువ. ఆ మాట యే సెక్షనులోను లేదు.

2019 డిసెంబరున చట్టమును సవరించి, ఒకనికి మూడు తుపాకులకు మాఱుగా రెండే యని, లైసెన్సు గడువు మూడేండ్లకు మాఱుగా ఐదేండ్లని, నిషిద్ధాయుధములకు శిక్ష హెచ్చని విధించిరి. 2023 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు అనుమతి లేని తుపాకుల విషయమై తనంత తానుగా విచారణ చేపట్టుచు, ఆయుధము ధరించుట అమెరికాలో ప్రాథమికహక్కు కాగా మన రాజ్యాంగమున అట్టి హక్కు లేదని గుర్తుచేసినది. ఇవన్నియు సరియైన దిక్కునకే పోవుచున్నవి. అయితే శిక్షను హెచ్చించుట సులభము, లైసెన్సును సమానముగా పంచుట కష్టము. హక్కు కానిచో అది అనుగ్రహము. అనుగ్రహ మన్నచో ఎవరిమీద, ఎందుకు అని ప్రజ అడుగవలసియే యుండును.

కొందఱు యువకులు నన్నడుగుదురు: 'ఆత్మరక్షణ హక్కు లేదా?' ఉన్నది. 2024 జూలై 1వ తేదీనుండి అమలునకు వచ్చిన భారతీయ న్యాయసంహితలో 34 మొదలు 44 వఱకు గల సెక్షనులు దానినిగూర్చియే. పూర్వపు శిక్షాస్మృతిలోను ఆ హక్కు గలదు. కాని హక్కునకు కొలత యున్నది: ఎదుటి యపాయమునకు తగినంత బలమే ప్రయోగింపవలెను, పోలీసు సహాయము నందుకొనుటకు వ్యవధి యున్నచో ఆ హక్కు లేదు. ఇచ్చట గుఱికానికిని పౌరునకును గల నిజమైన భేదము బయటపడును. గుఱికాడు అధికారి యాజ్ఞపై కాల్చును. ఎవరిని, ఎపుడు అనుదానికి అతని వెనుక ఒక సైన్యము, ఒక ప్రభుత్వము జవాబు చెప్పును. పౌరుడు కాల్చినచో జవాబు చెప్పవలసినవాడు తా నొక్కడే. మేజిస్ట్రేటు యెదుట, శవము యెదుట. అంగుళములో పండ్రెండు వేయివంతుల భేదముకన్న ఈ భేదము చాల పెద్దది. సైనికునకు దుర్భిణి నిచ్చిరి, పౌరునకు వివేకము తప్ప వేఱు దుర్భిణి లేదు.

సోదరులారా, నా విన్నప మింతియే. తుపాకిని చూచి మోహపడకుడు, భయపడకుడు. సెల్లుఫోనుల తెరమీద తుపాకి పట్టి ఛాయాచిత్రము తీయించుకొనుట నేటి యువకులకు వేడుక. ఆ వేడుకకు వెనుక కడవెండి నేల యున్నదని వారికి చెప్పుడు. ఈ గ్రంథాలయమున ఆయుధముల చట్టపు తెలుగుప్రతి నొకదానిని ఉంచుడు. పంటకొఱకు బర్మారు అడుగు రైతుచేత దరఖాస్తు వ్రాయించుడు. నిరాకరించినచో కారణము వ్రాతమూలముగా అడిగించుడు. అట్లే ఊరిలో గోడమీద వేలాడు తుపాకికి లైసెన్సు గడువు తీరినదా లేదా యని ఠాణాలో అడుగుటకును వెనుదీయకుడు. రెండు పనులును ఒక్క పనియే. ఒక్కదానిని చేసి రెండవదానిని విడిచినచో న్యాయము కుంటుపడును.

పరాయివాడు మన గొట్టములోని మెలికగీతలను తొలిచి గుఱి లేకుండ చేసెను. ఆ తుపాకులు ఇప్పుడు వస్తుప్రదర్శనశాలలలో నున్నవి. చట్టములోని సమానతను మాత్రము మనము ఎల్లపుడు చూచుచుండవలెను. అది తొలగిపోవునపుడు చప్పుడు కాదు. దానిని కనిపెట్టి యుండుట సైనికుని పని కాదు, పోలీసు పని కాదు. చదువ నేర్చిన పౌరుని పని.